గీత గీయకపోతే వరుస నిలవదు: ఉద్యోగ సంఘాల నాయకులకు బహిరంగ లేఖ

తిరుపతి, చిత్తూరు జిల్లాల ప్రభుత్వోద్యోగుల సంఘాల నాయకులకు నమస్కారం.

మొన్న మన సర్వసభ్య సమావేశంలో ఒక తీర్మానం చదివారు. పదోన్నతులకు సీనియారిటీ ఒక్కటే కొలమానం కావాలి, ప్రతిభ పేరుతో వచ్చే ఏ కొత్త పద్ధతినీ ఒప్పుకోము అన్నది దాని సారాంశం. హాలంతా చప్పట్లు మోగాయి. వెనుక వరుసలో పింఛనుదారుల మధ్య కూర్చున్న నేను కొట్టలేదు. పక్కనున్న పాత సహోద్యోగి ‘ఏమమ్మా, నచ్చలేదా?’ అని అడిగారు. ‘సగం నచ్చింది’ అన్నాను. మిగతా సగం గురించే ఈ లేఖ.

1986లో చిత్తూరులో జూనియర్ అసిస్టెంటుగా చేరి, 2024లో తిరుపతిలో సూపరింటెండెంటుగా పదవీ విరమణ చేశాను. సర్వీసులో ఉండగా ఇలా బహిరంగంగా రాయడానికి 1964 నాటి ప్రవర్తనా నియమావళి అడ్డు. ఇప్పుడు ఆ అడ్డు లేదు. నాకు రావలసిన ప్రమోషను కూడా ఇంకేమీ లేదు కాబట్టి నా మాటలో స్వార్థం వెతకరని నమ్ముతున్నాను.

సీనియారిటీకి నేనెంత రుణపడి ఉన్నానో ముందు చెప్పాలి. చేరిన రోజు ఆ కార్యాలయంలో మొత్తం ఇద్దరమే ఆడవాళ్ళం. నా తరఫున ఒక మాట చెప్పే బంధువు లేడు, ఊరి పెద్ద లేడు, ఏ పార్టీ వాళ్ళూ తెలియదు. సాయంత్రం ఆరు దాటితే పిల్లవాడి కోసం ఇంటికి పరుగెత్తాలి. అధికారి ఇంటి శుభకార్యంలో కుర్చీలు వేయించే పని నాకు చేతకాదు. అయినా సీనియర్ అసిస్టెంటునయ్యాను, సూపరింటెండెంటునయ్యాను. జాబితాలో నా పేరు పక్కన ఉన్న నంబరును ఎవరూ చెరపలేకపోయారు, అందుకే అయ్యాను. ఏ దిక్కూ లేనివాళ్ళకు ఆ నంబరే దిక్కు. వేదిక మీద మీరు ఆ మాట అన్నప్పుడు నా కళ్ళు చెమర్చాయి.

ఈ వరుస పద్ధతి మనం కనిపెట్టింది కాదు. 1793 నాటి చార్టర్ చట్టం ఈస్టిండియా కంపెనీ ఉద్యోగుల ఖాళీలను సీనియారిటీ ప్రకారం నింపాలని చెప్పింది. అయినవాళ్ళను తెచ్చి నెత్తిన కూర్చోబెట్టే పెద్దల చేతికి అదొక కళ్ళెం. అరవై ఏళ్ళ తరువాత, 1854లో, ఇంగ్లండులోనే నార్త్‌కోట్, ట్రెవెల్యన్ ఇచ్చిన నివేదిక ప్రతిభను బట్టి పైకి తీసుకోవాలని వాదించింది. అంటే ఈ తగువు మన తాతలు పుట్టకముందే మొదలైంది. రెండు పక్షాలకూ భయం మాత్రం ఒకటే: అర్హత లేనివాడు పైకి వస్తాడేమోనని. ఒకరు పెద్దల పక్షపాతానికి భయపడ్డారు, మరొకరు కుర్చీలో కునికే సోమరితనానికి భయపడ్డారు. నా సర్వీసులో ఈ రెండు భయాలూ నిజం కావడం కళ్ళారా చూశాను.

తిరుపతిలో పనిచేసినవాళ్ళకు ‘ప్రోటోకాల్’ అనే మాట విడమరచి చెప్పనక్కరలేదు. రాష్ట్రంలో మరే ఊరికీ లేని భారం ఇది. పై కార్యాలయాల అధికారులు, వారి కుటుంబాలు, వారికి తెలిసినవారి కుటుంబాలు స్వామివారి దర్శనానికి వస్తారు. రేణిగుంటలో దిగినప్పటి నుంచి కారు, అతిథి గృహంలో గది, కొండ మీద గది, తెల్లవారుజామున దర్శనం, తిరుగు ప్రయాణంలో లడ్డూల సంచి, ఇన్నింటికీ ఒక మనిషి ఉండాలి. నేను పనిచేసిన ఒక కార్యాలయంలో ఆ మనిషి నా పక్క సీటు సహోద్యోగి. నెలలో సగం రోజులు ఆయన అలిపిరి దాటి పైనే ఉండేవారు. ఆయన సీటులోని తపాలు, ఫైళ్ళు మేం ముగ్గురం పంచుకునేవాళ్ళం. ఆయన్ను నేను నిందించను. వైకుంఠ ఏకాదశి రోజున కన్నబిడ్డలను ఇంట్లో వదిలి ఎవరి బిడ్డలనో వరుసలో నిలబెట్టడం ఆయన మాత్రం కోరుకున్న బతుకు కాదు.

ఏడాది చివర, ఒక్కొక్కరి పనితీరు మీద పై అధికారి రాసే రహస్య నివేదికలు వచ్చేవి. ఆ కాలంలో అవి నా టైపు మిషను మీదుగానే వెళ్ళేవి. ఆయన పేరు ఎదురుగా ‘అత్యుత్తమం’ అని ఉండేది. రాత్రి ఎనిమిదింటిదాకా కూర్చుని బడ్జెటు పట్టికలు సరిచూసిన ఇంకొకామె పేరు ఎదురుగా ‘బాగుంది’ అని ఉండేది. రాసిన అధికారి చెడ్డవాడు కాదు. ఆయనకు కనిపించింది ఆయన రాశారు, అంతే. తనతో కారులో కూర్చున్న మనిషి కనిపించాడు. గదిలో ఫైలు ముందు కూర్చున్న మనిషి కనిపించలేదు. రేపు ‘ప్రతిభ’ ఒక్కటే కొలమానమై, ఆ కొలత పై అధికారి కలంలోనే ఉంటే తిరుపతిలో అది కొండ మీద గదుల లెక్కగా మారుతుంది. చిత్తూరులో ఇంకో లెక్కగా మారుతుంది. ఇంతవరకు నేను మీతోనే ఉన్నాను.

‘బాగుంది’ అన్న మాట ఎంత నష్టం చేయగలదో దేవ్ దత్ కేసు చెబుతుంది. ఆయన సరిహద్దు రహదారుల సంస్థలో ఎగ్జిక్యూటివ్ ఇంజినీరు. సూపరింటెండింగ్ ఇంజినీరు కావాలంటే అయిదేళ్ళ నివేదికల్లోనూ ‘చాలా బాగుంది’ ఉండాలన్నారు. 1993-94 సంవత్సరానికి మాత్రం ‘బాగుంది’ అని ఉంది. ఆయన కంటే వెనుక చేరినవాళ్ళు ముందుకు వెళ్ళారు. అది చెడ్డ మాట కాదు కదా అని ఆ మాటను ఆయనకు తెలియజేయనే లేదు. 2008లో సుప్రీంకోర్టు ఆ వాదనను తోసిపుచ్చింది. నివేదికలోని ప్రతి మాటా, మంచిదైనా చెడ్డదైనా, ఉద్యోగికి చూపించి తీరాలని చెప్పింది. 2013లో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ మాటనే నిలబెట్టింది. కేంద్ర ప్రభుత్వం 2009లోనే నివేదిక మొత్తాన్ని ఉద్యోగికి ఇవ్వాలని ఆదేశించింది. తీర్పు వచ్చేనాటికి దేవ్ దత్ రిటైరయ్యారు. ఇంత పెద్ద ఆయుధం మన చేతిలో ఉండగా, మన సంఘాల కోర్కెల పత్రాల్లో ‘ఏటా నివేదిక నకలు ఇవ్వాలి’ అన్న పంక్తిని నేను ఒక్కసారి కూడా చూడలేదు.

ఇక మీకు రుచించని సంగతి.

పుత్తూరు వైపు పల్లె నుంచి ఒకామె వచ్చేది. భర్త మా శాఖలో వాచ్‌మన్‌గా చేస్తూ పోయాడు. కుటుంబ పింఛను కాగితాలు మా సెక్షనుకు వచ్చాయి. ఆయన సర్వీసు రిజిస్టరులో ఒకచోట నాలుగు నెలల సెలవు క్రమబద్ధం కాలేదు. అప్పుడు మా సూపరింటెండెంటు మా అందరికంటే సీనియరు. మంచి మనిషి, ఎవరినీ పల్లెత్తు మాట అనేవారు కాదు. కానీ పింఛను నియమాల పుస్తకం ఆయన ఎన్నడూ తెరవలేదు. ఫైలు తన ముందుకు వచ్చిన ప్రతిసారీ ‘వివరాలతో తిరిగి సమర్పించండి’ అని ఒక పంక్తి రాసి వెనక్కి పంపేవారు. ఏ వివరాలో రాసేవారు కాదు, ఎందుకంటే ఆయనకే తెలియదు. ఆమె చంటిపిల్లవాణ్ణి వెంటబెట్టుకుని, బస్సు ఛార్జీ అప్పు చేసి, అయిదుసార్లు వచ్చింది. వచ్చిన ప్రతిసారీ ఆయన ఆమెను కూర్చోబెట్టి, టీ తెప్పించి, ‘చూస్తానమ్మా’ అని పంపించేవారు.

తుది లెక్క తేలేలోపు తాత్కాలికంగా కుటుంబ పింఛను ఇచ్చే దారి నియమాల్లోనే ఉంది. అది మా గదిలో ఇద్దరికి తెలుసు. ఆ ఇద్దరూ ఆయన కింద పనిచేసేవాళ్ళు. చివరకు ఆయన సెలవులో ఉన్న వారంలో ఇన్‌ఛార్జిగా ఉన్న మరొకరి ద్వారా ఫైలు కదిలింది. పింఛను ఉత్తర్వు చేతికి వచ్చిన రోజు ఆమె నా కాళ్ళకు దండం పెట్టబోయింది. నేను ఆపాను. సిగ్గుతో తలెత్తలేకపోయాను. ఆ అయిదు ప్రయాణాలు ఆమె చేయవలసినవి కావు. ఆమెకు మన సీనియారిటీ జాబితాలతో ఏ సంబంధమూ లేదు. మన వరుస ఎవరి కోసమో ఆ రోజు నాకు అనుమానం వచ్చింది.

ఇది ఒక్క ఘటన అని మీరనవచ్చు. మీ మనసుల్లో మాత్రం ఇప్పటికే రెండు మూడు పేర్లు మెదిలి ఉంటాయి. కుర్చీ ఎక్కాక కింది ఉద్యోగి రాసిందల్లా చదవకుండా సంతకం పెట్టేవారు, ఆడిటు అభ్యంతరం వస్తే కింది ఉద్యోగికే మెమో ఇచ్చేవారు, బదిలీ అయ్యేదాకా ఫైలును బీరువాలో దాచేవారు. వాళ్ళ పక్షాన మనం ఎన్నిసార్లు ధర్నా చేశామో గుర్తు చేసుకోండి. వాళ్ళ కింద నలిగినవాళ్ళు కూడా మన సభ్యులే కదా!

మనం అనుకుంటున్న ‘సీనియారిటీ ఒక్కటే’ అన్నది చట్టంలో ఎక్కడా లేదు. మన రాష్ట్ర సర్వీసు నియమాలు 1996లో వచ్చాయి. పై స్థాయి రాష్ట్ర సర్వీసు పోస్టులకు ప్రతిభ, సామర్థ్యం ముందు చూడాలి, అవి ఇంచుమించు సమానమైతేనే సీనియారిటీ చూడాలి అన్నారు. మన కింది స్థాయి పోస్టులకు సీనియారిటీతో పాటు యోగ్యత అన్నారు. ఆ ‘యోగ్యత’ అన్న మాటను మనమూ, అధికారులూ కలిసి నీరుగార్చాం. శాఖాపరమైన పరీక్ష పాసైతే, శిక్ష ఏదీ లేకపోతే యోగ్యుడే. సర్వీసు కమిషను ఏడాదికి రెండుసార్లు పెట్టే ఆ పరీక్షల్లో కొన్నింటిని పుస్తకం చూసి రాయవచ్చు. చూసి రాయడం తప్పని నేననను, నిజమైన పనిలోనూ పుస్తకం చూసే రాస్తాం. కానీ ఇరవై ఎనిమిదేళ్ళ వయసులో పాసైన పరీక్ష నలభై ఎనిమిదేళ్ళ వయసులో సూపరింటెండెంటు కుర్చీకి యోగ్యత అవుతుందా? ఈలోగా ఖజానా కాగితం కంప్యూటరులోకి వెళ్ళింది, ఫైలు తెర మీదికి వచ్చింది, జీవోలు వందలకొద్దీ మారాయి.

దీనికి జవాబు 1998 నాటి సుప్రీంకోర్టు తీర్పులో ఉంది. గ్రామీణ బ్యాంకుల ఉద్యోగుల ప్రమోషన్ల మీద వచ్చిన తీర్పు అది. నేను దాన్ని జిరాక్సు తీయించి ఇంట్లో దాచుకున్నాను. సారాంశం నా మాటల్లో చెబుతాను. ఆ పోస్టు పని సక్రమంగా జరగడానికి కావలసిన కనీస ప్రతిభ ఎంతో యజమాని ముందే నిర్ణయించవచ్చు, ఎలా కొలుస్తారో కూడా చెప్పవచ్చు. ఆ గీత దాటినవాళ్ళందరిలో సీనియరే ముందు. వాళ్ళలో ఎవరికి మార్కులు ఎక్కువ అని పోల్చి చూడకూడదు. గీతకు పైన తొంభై మార్కులు వచ్చిన జూనియరు, అరవై మార్కులు వచ్చిన సీనియరును దాటిపోలేడు.

ఈ పద్ధతిలో ఉన్న న్యాయాన్ని చూడండి. పుత్తూరు నుంచి వచ్చే ఆ తల్లికి పని తెలిసిన అధికారి దొరుకుతాడు. ఏ దిక్కూ లేని జూనియర్ అసిస్టెంటు నంబరును ఎవరూ దొంగిలించలేరు. అధికారి కారులో కూర్చున్నవాడికి అదనంగా వచ్చేదేమీ ఉండదు, ఎందుకంటే గీతను దాటించేది అధికారి మెప్పు కాదు, అందరూ రాసే ఒకే ప్రశ్నపత్రం. మనం ఇన్నేళ్ళూ సీనియారిటీ పేరుతో కాపాడాలనుకున్నది దీన్నే కాదా?

ఆ ప్రశ్నపత్రం ఎలా ఉండాలో కూడా నా మనసులో ఉంది. నిర్వచనాలు బట్టీపట్టి రాసే పత్రం కాదు. ఒక నిజమైన ఫైలు నకలు చేతికిచ్చి మూడు గంటలు కూర్చోబెట్టాలి. నోటు రాయమనాలి. చనిపోయిన ఉద్యోగి సర్వీసు రిజిస్టరు ఇచ్చి కుటుంబ పింఛను లెక్క కట్టమనాలి. ఒక పౌరుడి అర్జీ ఇచ్చి, అతనికి అర్థమయ్యే తెలుగులో జవాబు రాయమనాలి. ఉద్యోగి మీద ఆరోపణలు మోపే చార్జి మెమో ముసాయిదా ఒకటి ఇచ్చి, అందులో తప్పులు పట్టమనాలి. పుస్తకాలన్నీ బల్ల మీద ఉండవచ్చు. పేపర్లు వేరే జిల్లావాళ్ళు పేరు లేకుండా దిద్దాలి. దిద్దిన పేపరు నకలు రాసినవారికి ఇవ్వాలి. తప్పినవాళ్ళు మళ్ళీ ఎన్నిసార్లయినా రాయవచ్చు, పాసైన రోజు జాబితాలో తమ పాత స్థానంలోనే నిలబడతారు. పరీక్షకు ముందు రెండు వారాల శిక్షణ జీతంతో ఇవ్వాలి. యాభై ఏళ్ళు దాటినవాళ్ళకు కంప్యూటరు దగ్గర పక్కన కూర్చుని నేర్పాలి. నేను యాభై రెండో ఏట నేర్చుకున్నాను. నేర్పిన అమ్మాయి నా కూతురి కంటే చిన్నది. ఓపికగా నేర్పింది, వచ్చింది.

యువ ఉద్యోగుల కోపాన్ని కూడా మీరు వినాలి. గ్రూపుల పరీక్షలు రాసి, లక్షల మందిలో నిలిచి వచ్చిన పిల్లలు వాళ్ళు. పదవీ విరమణ వయసు 2014లో 58 నుంచి 60కి, 2022 జనవరి నుంచి 60 నుంచి 62కి పెరిగింది. నేనూ దానివల్ల లాభపడ్డాను. మేము కూర్చున్న ఆ అదనపు నాలుగేళ్ళు వాళ్ళ నిచ్చెన మీద నాలుగేళ్ళు. 2022 ఏప్రిల్ 4న జిల్లాలు విడిపోయాక, పాత చిత్తూరు జిల్లాలో ఒకే వరుసలో చేరినవాళ్ళు వేరువేరు జిల్లా కేంద్రాలకు చెదిరిపోయారు. వాళ్ళలో చాలామందికి తమ ముందు ఎంతమంది ఉన్నారో కూడా సరిగ్గా తెలియదు. ప్రమోషనుకు అర్హులైనవాళ్ళ జాబితానే ప్యానెల్ అంటాం. సెప్టెంబరు 1 నుంచి ఆగస్టు 31 వరకు ప్యానెల్ సంవత్సరం అని నియమం. ఆ ప్యానెల్ వేళకు తయారైతే సగం తగువులు పుట్టవు. కుర్చీలు ఖాళీగా ఉంచి, ఇష్టమైనవారికి ఇన్‌ఛార్జి బాధ్యతలు అప్పగించి రెండేళ్ళు నడపడం దొడ్డిదారి ప్రమోషను. దాని మీద పోరాడితే ఆ పిల్లలు మీ వెంట వస్తారు. ‘ఏ పరీక్షా వద్దు’ అంటే రారు. కొందరు ఇప్పటికే సభ్యత్వం తిరిగి తీసుకోలేదు.

రైల్వేలో పనిచేసే మన ఇరుగుపొరుగును అడగండి. అక్కడ గ్రూపు-బి పోస్టుల్లో 70 శాతం సాధారణ ఎంపికతో, 30 శాతం సర్వీసులో ఉన్నవాళ్ళకే పెట్టే పరిమిత పోటీ పరీక్షతో నింపుతారు. పనిలో చురుకైన కుర్రవాడికి ఒక తలుపు తెరిచి ఉంటుంది. పై స్థాయి పోస్టుల్లో కొంత వాటాను ఇలా పోటీ పరీక్షకు వదలడం గురించి కూడా మనం మాట్లాడవచ్చు. నాకు దీనిపై పట్టుదల లేదు.

ఒక్క సంగతిలో మాత్రం పట్టుదల ఉంది. ‘ప్రతిభ’ అన్న మాట రాగానే దాన్ని రోస్టరు మీద, అంటే ఏ ఖాళీ రిజర్వేషనుకు వెళ్ళాలో చెప్పే పట్టిక మీద, రాయిగా విసిరేవాళ్ళు మన మధ్యనే ఉన్నారు. 1995లో 77వ సవరణ, 2001లో 85వ సవరణ ద్వారా షెడ్యూల్డు కులాలు, తెగల ఉద్యోగులకు ప్రమోషన్లలో రిజర్వేషను, దానితో వచ్చే సీనియారిటీ రాజ్యాంగంలోకి వచ్చాయి. నేను చెప్పే గీతకు దానితో తగువు లేదు. రోస్టరు పాయింటు రోస్టరు పాయింటే. పైన చెప్పిన ఆ సూపరింటెండెంటు ఏ రిజర్వేషను మీదా రాలేదు. ఈ చర్చను ఆ వైపు లాగే వక్తకు దయచేసి మైకు ఇవ్వకండి.

మనం ఇప్పుడు గీత గీయకపోతే ఏమవుతుందన్నదే నా భయం. పని జరగని కార్యాలయాల మీద జనానికి కోపం పెరుగుతోంది. ఏదో ఒక రోజు ఏదో ఒక ప్రభుత్వం ఆ కోపాన్ని ఆధారం చేసుకుని, అసలు సీనియారిటీనే తీసేసి, అంతా అధికారి మార్కుల మీద పెడుతుంది. అప్పుడు మనం రోడ్డెక్కితే బస్సులో వెళ్ళే ఒక్క మనిషి కూడా మనవైపు చూడడు. పుత్తూరు ఆమె అసలే చూడదు.

అందుకని అడుగుతున్నాను. ఆ తీర్మానాన్ని వెనక్కి తీసుకోమనను. వచ్చే కార్యవర్గ సమావేశంలో దానికి మూడు వాక్యాలు చేర్చండి. ఏటా నివేదిక నకలు ప్రతి ఉద్యోగి చేతికి ఇవ్వాలని ఒకటి. ప్యానెల్ సెప్టెంబరు 1కల్లా కార్యాలయ నోటీసు బోర్డు మీద ఉండాలని ఒకటి. సూపరింటెండెంటు, ఆపై కుర్చీలకు పని పరీక్ష ఉండాలి, అది దాటినవారిలో సీనియరే ముందు అని ఒకటి. మూడోది చేర్చడానికి మీకు ధైర్యం కావాలని తెలుసు. ఓట్లు పోతాయని కూడా తెలుసు. నా కంటే సీనియర్లు కొందరు నాతో మాట్లాడడం మానేస్తారు, అదీ తెలుసు.

నేను పదవీ విరమణ తరువాత ఖాళీగానే ఉన్నాను. పేర్లు తీసేసి, మూడు పాత ఫైళ్ళ ఆధారంగా నమూనా ప్రశ్నపత్రం ఒకటి తయారు చేశాను. రెండోది సగం అయింది. సమావేశం ఎప్పుడో చెబితే పది నకళ్ళు పట్టుకుని వస్తాను. ముందుగా మీ పదిమందీ కూర్చుని అది రాయండి. నేనూ మీతో కూర్చుని మళ్ళీ రాస్తాను. దిద్దడానికి చిత్తూరు నుంచి ఎవరినైనా పిలుద్దాం.

ఇట్లు
మీ పాత సభ్యురాలు,
విశ్రాంత సూపరింటెండెంటు,
తిరుపతి